ఆపినవాటి పుస్తకం

జులై 4, శుక్రవారం

ఈరోజుకి ఏడు తీసేశాను. పేకాట, రంగు ముక్కలు పేర్చే ఆట, రోజూ "మీ కంప్యూటర్ ప్రమాదంలో ఉంది" అని బెదిరించే కాపలా ప్రోగ్రాం, కింద మూలన వార్తల డబ్బా... మిగతావి నోట్‌బుక్‌లో ఉన్నాయి. అడగనిదే అమ్మైనా పెట్టదంటారు. ఈ కంప్యూటర్ మాత్రం కొన్న రోజునుంచీ అడగనివన్నీ విస్తరి నిండా వడ్డిస్తూనే ఉంది. తెరుచుకోవడానికి నాలుగు నిమిషాలు పట్టేది. ఇప్పుడు నిమిషం లోపే. గోడ గడియారం చూసి మరీ లెక్కపెట్టాను.

ఎవరికైనా చెప్పుకోవాలని ఉంది. చెప్పుకుంటే గొప్పలంటారు. అందుకే ఇక్కడ. మా అమ్మాయి చిన్ని ఈ హిందీ ఊళ్లోనే పుట్టి పెరిగింది, తెలుగు చదవడం రాదు. ఆయనకి వచ్చు గానీ, రైలు డ్రైవరు కదా, ఇంజన్ పుస్తకం తప్ప ఇంకేదీ ముట్టరు. డైరీ టేబుల్ మీద వదిలేసినా భయం లేదు.

జులై 5, శనివారం

ఎనిమిదోది — మాట్లాడే సహాయకురాలు. "నేను మీకు ఎలా సహాయపడగలను?" అని ఒకటే అడగడం. ఆవిణ్ని పిలిచిందెవరు? అన్‌ఇన్‌స్టాల్ బటన్ బూడిదరంగులో ఉంది, నొక్కితే ఉలకదు పలకదు. కమాండ్ టైపు చేసి సాగనంపాను. గంటన్నర పట్టింది. పప్పు మాడింది. మాడనీ.

ముందు రిస్టోర్ పాయింట్ పెట్టుకున్నాను, తేడా వస్తే వెనక్కి రావడానికి. ఒకటి ఆపడం, రీస్టార్ట్ చేయడం, మిగతావన్నీ నడుస్తున్నాయో లేదో చూసుకోవడం, ఆ తర్వాతే రెండోది. ఇది ఆయన పద్ధతి. ఇంజన్‌లో ఏదైనా మాటిమాటికీ మొరాయిస్తుంటే దాన్నొక్కదాన్నీ ఐసొలేట్ చేసి, అంటే పక్కన పెట్టేసి, బండి నడుపుకొస్తారు. దిగేముందు ఇంజన్ పుస్తకంలో రాస్తారు — ఏది ఆపారు, ఎందుకు ఆపారు, కింద సంతకం. తర్వాత ఎక్కే డ్రైవరు అది చదివాకే బండి ముట్టుకుంటాడు. "రాయకుండా దిగినోడు డ్రైవరు కాడు." పెళ్లైన కొత్తలో మొదటిసారి విన్నాను. ఇప్పటికి వెయ్యిసార్లు విని ఉంటాను.

నా నోట్‌బుక్‌లోనూ అవే గళ్లు గీశాను. తేదీ. లోపం. ఎవరు రాశారు. ఆఖరి గడి షెడ్ వాళ్లది — బాగుచేశాక వాళ్లు నింపి సంతకం పెడతారు. మా ఇంట్లో డ్రైవరూ షెడ్డూ రెండూ నేనే.

జులై 7, సోమవారం

చిన్ని కాలేజీ నుంచి వచ్చి కంప్యూటర్ ఆన్ చేసింది. "మమ్మీ, ఏం చేశావ్? ఏక్‌దమ్ ఫాస్ట్ అయిపోయింది." తర్వాత స్నేహితురాలికి ఫోన్ — "మేరీ మమ్మీ నే కియా", మా అమ్మే చేసిందని. రెండుసార్లు అంది. వంటింట్లోంచి విన్నాను. కూరలో ఉప్పు వేశానో లేదో మర్చిపోయాను.

ఈ ఊళ్లోనే దయాల్‌బంద్‌లో కంప్యూటర్ కోర్సుకి వెళ్లినప్పుడు ఇదే చిన్ని నా ఒళ్లో ఉండేది. మా వదిన, అంటే ఆయన అక్క, అప్పుడన్న మాట — "ఇంజన్ డ్రైవరు పెళ్లానికి కంప్యూటర్ ఎందుకేటి?" ఆ మాట మాత్రం మర్చిపోలేదు.

జులై 8, మంగళవారం

అంట్లు తోమి వచ్చి కూర్చుంటే తెరంతా నల్లగా ఉంది. పాడవలేదు. నలుపు మీద తెల్లటి అక్షరాలు, లావుగా, అక్కడక్కడా పసుపు. ఇదో పిలవని పేరంటం. సెట్టింగుల్లో వెతికి పట్టుకున్నాను. హై కాంట్రాస్ట్ అట, కంప్యూటర్‌తో పాటే వస్తుందట. ఆపేశాను. పదకొండోది.

జులై 10, గురువారం

నల్ల తెర రాలేదు. ఆయన నిన్ననే బొగ్గు బండి మీద కోర్బా వైపు వెళ్లారు. ఇల్లంతా నాదే, కంప్యూటరూ నాదే.

జులై 12, శనివారం

మళ్లీ వచ్చింది. చిన్నిని అడిగాను — "నాకేం పని మమ్మీ, అది చూస్తే సిర్‌దర్ద్, తలనొప్పి." వైరస్ ఏమో అని మొత్తం వెతికించాను. ఏమీ లేదు. ఆపేశాను. నోట్‌బుక్‌లో రెండోసారి రాశాను, ఎర్ర ఇంకుతో.

ఆయన పొద్దున్నే దిగారు, రేపటిదాకా రెస్టు. కర్టెన్లన్నీ వేసుకుని పడుకున్నారు. ఇంత మబ్బు పట్టిన రోజున కర్టెన్లు దేనికో.

జులై 13, ఆదివారం

ఈ తేదీ గుర్తుండిపోవాలి. ఉస్లాపూర్ నుంచి వదిన ఫోన్. వాళ్ల కంప్యూటర్ అస్తమానం ఏవో కిటికీలు తెరుస్తోందట, తట్టుకోలేకపోతున్నారట. "నువ్వొకసారి వచ్చి సూస్తావేటి?" — వదినే. నన్నే.

వెళ్లాను. రెండు గంటల్లో పద్నాలుగు తీసేశాను. వదిన పక్కనే కుర్చీ వేసుకుని నోరెత్తకుండా చూసింది. వచ్చేటప్పుడు అరిసెలు కట్టి ఇచ్చింది. అప్పటి మాట గుర్తు చేద్దామని నోటిదాకా వచ్చింది. మింగేశాను. ఇంట గెలిచి రచ్చ గెలిచినదాన్ని, ఆ మాత్రం పెద్దమనసు ఉండొద్దూ?

జులై 15, మంగళవారం

మళ్లీ నలుపు. వదిన కంప్యూటర్ బాగుచేసి వచ్చిన మనిషిని, నా ఇంట్లో దాన్ని వదిలించుకోలేకపోతున్నాను. ఇల్లు అలకగానే పండగ కాదు మరి. ఏదో అప్‌డేట్ వెనకనుంచి తెచ్చిపెడుతోందని అనుమానం.

జులై 18, శుక్రవారం

దొరికింది. మూడు కీలు కలిపి నొక్కితే చాలు, అది వచ్చేస్తుంది. సెట్టింగుల దాకా వెళ్లే పనే లేదు. ఆ దారి మూసేశాను. అంతటితో ఆగలేదు — నా పాస్‌వర్డ్ లేకుండా తెర సెట్టింగులు ఎవరూ మార్చకుండా తాళం వేశాను. మూడుసార్లు రీస్టార్ట్. తెల్లగా, పాలలా ఉంది.

ఇక రమ్మను, చూద్దాం.

జులై 19, శనివారం

గొడవ. ఆయన రెస్టుకి దిగి, టీ తాగి, కంప్యూటర్ ముందు కూర్చున్నారు. ఐదు నిమిషాలకే లేచారు. వచ్చే నెల డ్రైవర్లకి పెట్టే మెడికల్ పరీక్ష ఉంది, ఆ కాగితం వచ్చిందట, చిన్నిని చదవమన్నారు. మీరే చూడొచ్చుగా అన్నాను. అన్నీ పీకేసి కంప్యూటర్ ఖరాబ్ చేశానన్నారు. చిన్ని ముందే.

నేనూ ఊరుకోలేదు. ఇరవై మూడు తీసేస్తే ఒక్కటీ పాడవలేదనీ, మీ అక్కే నన్ను పిలిపించుకుందనీ, ఈ ఇంట్లో నా పని మీకొక్కరికే కనపడదనీ అన్నాను. ఆఖరి మాటకి ఆయన మొహం అదోలా అయిపోయింది.

అంత తగిలేలా నేనేమన్నానో నాకిప్పటికీ అర్థం కావడం లేదు.

జులై 20, ఆదివారం

చూశాను.

చిన్ని బయటికెళ్లింది. నేను పెరట్లో బట్టలు ఆరేస్తున్నాననుకున్నారు. వాన మొదలైతే లోపలికి వచ్చాను. ఆయన కంప్యూటర్ ముందు, అరచెయ్యి కనుబొమల మీద అడ్డం పెట్టుకుని, మొహం పక్కకి తిప్పుకుని. రెండో చేత్తో కీలు నొక్కుతున్నారు. మూడు కీలు, కలిపి. కాసేపు ఆగి మళ్లీ. మళ్లీ. తెర తెల్లగానే ఉంది.

తడి బట్టలు పట్టుకుని గుమ్మంలోనే నిలబడిపోయాను. ఆయన చూడలేదు.

నోట్‌బుక్ తీశాను. నల్ల తెర వచ్చిన తేదీలు ఎనిమిది, పన్నెండు, పదిహేను. అన్నీ ఆయన ఇంట్లో ఉన్న రోజులే. నా దస్తూరీతోనే, నా ఎర్ర ఇంకుతోనే రాసి ఉంది. చదివి చూసుకోలేదు నేను. నిన్నటిదాకా గెలిచానని మురిసిపోయింది దీన్ని చూసేనా... సిగ్గేసింది.

జులై 21, సోమవారం

చిన్ని కాలేజీకి వెళ్లాక రెండు టీలు పెట్టి ఎదురుగా కూర్చున్నాను. ఆ నల్లది మీరు పెట్టుకుంటున్నదేనా అని అడిగాను. గ్లాసు పక్కకి జరిపారు.

"తెల్లగుంటే కళ్లల్లో సూదులు గుచ్చినట్టుంటాది. నల్లగుంటే సదవగలను. ఏటి సెయ్యమంటావు?"

హోలీకి ముందునుంచీ అట. కుడికన్ను ఎక్కువ, ఎడమది తక్కువ. ఎదురొచ్చే బండి లైటు పడితే కాసేపు అంతా పొగే. మరి సిగ్నళ్లో? ఆ ప్రశ్న అడగడానికి నాకు భయమేసింది. అడిగాను.

"అసిస్టెంటు ముందు సూసి సెప్తాడు. నేను అదే అంటాను."

ఇంజన్‌లో ఇద్దరూ సిగ్నల్ చూసి, పైకి చెప్పి, ఒకరి మాట ఒకరు సరిచూసుకోవాలి. అది ఆయనే నాకు నేర్పిన సంగతి. ఇన్నాళ్లూ ఒక్కరే చూశారన్నమాట. ఇరవై ఎనిమిదేళ్ల సర్వీసులో ఒక్క సిగ్నల్ తప్పలేదు. ఆ ఒక్కటీ తప్పకముందే చెప్పకపోతే?

మెడికల్‌లో ఎలాగూ బయటపడుతుంది కదా అన్నాను. కళ్ల పరీక్షలో చదివించే అక్షరాల పట్టిక కంఠతా వచ్చట. అంత పెద్ద మనిషి, పదో క్లాసు పిల్లాడిలా చెప్పారు. దించేస్తే ఎక్కడో కుర్చీలో కూర్చోబెట్టి కాగితాలిస్తారు, ఇంజన్ తప్ప నాకేటొచ్చు — అన్నారు.

నాకు ఏడుపొచ్చింది గానీ ఏడవలేదు. నా నోట్‌బుక్ తెచ్చి ఆయన ముందు పెట్టాను.

"ఇంజన్‌లో లోపం ఉంటే రాయకుండా దిగరు కదా. మరి ఇదెక్కడ రాశారు?"

లేచి బయటికి వెళ్లిపోయారు. గొడుగు తీసుకోలేదు.

జులై 22, మంగళవారం

అన్నం పెట్టాను, తిన్నారు.

రేపు పొద్దున్న డ్యూటీ. నేనే లాబీకి, అంటే డ్రైవర్లు డ్యూటీ ఎక్కేముందు సంతకం పెట్టే ఆఫీసుకి, ఫోన్ చేసి చెప్పేయాలా? నంబరు ఫ్రిజ్ మీదే ఉంది. నాలుగుసార్లు వంటింట్లోకి వెళ్లి వచ్చాను. నేను చెబితే అది ఫిర్యాదు. ఆయన చెబితే డ్రైవరు మాట. కానీ ఆయన చెప్పకుండా ఇంజన్ ఎక్కితే, ఇదంతా తెలిసి ఇంట్లో కూర్చున్న నేనేమవుతాను... బ్యాగు సర్ది గుమ్మం దాటే వరకూ చూస్తాను. దాటాక చేస్తాను. నిశ్చయం.

సాయంత్రం తాళం తీసేసి నల్ల తెర మళ్లీ పెట్టాను, నా చేత్తోనే. నోట్‌బుక్‌లో రాశాను — ఇది ఆపకూడదు.

జులై 23, బుధవారం

లేచేసరికి ఆయన లేరు. డ్యూటీ బ్యాగు తలుపు పక్కన అలాగే ఉంది. టిఫిన్ డబ్బా కూడా. ఫోన్ దగ్గరికి వెళ్లబోతూ కంప్యూటర్ వైపు చూశాను. వెలుగుతోంది, నల్లగా. పక్కన నోట్‌బుక్ తెరిచి ఉంది.

నా గళ్లల్లో ఆయన రాత. ఇంజన్ పుస్తకంలో రాసినట్టే ఇంగ్లీషులో, పెద్ద పెద్ద అక్షరాలతో, గీతలు దాటి. ఈరోజు తేదీ. లోపం — కుడికన్ను, ఎదురు లైటులో కనపడదు. ఎడమకన్ను, కొంచెం. ఎవరు రాశారు — ఆయన పేరు, లోకో పైలట్, సంతకం. సంతకం మాత్రం ఒక్క వంకర లేకుండా ఉంది.

తొమ్మిదింటికి వచ్చారు. లాబీలో సైన్ చేయలేదట. కళ్ల సంగతి రాసిచ్చేసి వచ్చారట. "అచ్ఛా, ఇంకో టీ పెట్టు" అన్నారు. పెట్టాను. ఆయన వంకే చూస్తుంటే పొంగి సగం పొయ్యి మీద పోయింది.

నాకు గర్వంగా ఉంది. పద్నాలుగు తీసినప్పటి గర్వం కాదు, ఇది వేరు. పెళ్లై ఇన్నేళ్లయినా ఈ మాట ఆయనకి ఎప్పుడూ చెప్పలేదు. ఈరోజు చెప్పాను. "ఊ" అన్నారు, అంతే. చెవులు ఎర్రబడ్డాయి.

జులై 26, శనివారం

రైల్వే హాస్పిటల్. శుక్లం, రెండు కళ్లకీ. ముందు కుడికన్నుకి ఆపరేషన్. తర్వాత ఇంజన్ ఎక్కనిస్తారా అని ఆయన అడగలేదు, నేనడిగాను. కట్టు విప్పాక, పరీక్షలయ్యాక చూద్దామన్నారు డాక్టర్. అవుననలేదు, కాదనలేదు.

వదిన ఫోన్ చేసింది. ఎవరికీ తెలియనప్పుడు తనంతట తను ఎందుకు చెప్పుకున్నాడని. మీ తమ్ముడు డ్రైవరు వదినా, అన్నాను.

ఆగస్టు 3, ఆదివారం

చిన్నికి కూడా చెప్పేశాం. వాళ్ల నాన్న పక్కన కూర్చుని ఫోన్‌లో అక్షరాలు పెద్దవి చేసిచ్చింది. "పాపా, పెహ్లే బోల్నా థా నా" అంది, ముందే చెప్పాల్సింది కదా అని. ఆయన ఊరికే తల నిమిరారు.

ఆగస్టు 12, మంగళవారం

ఆపరేషన్ అయింది. అరగంట కూడా పట్టలేదు. కుడికన్ను మీద తెల్ల కట్టు. నొప్పి లేదంటున్నారు, నేను నమ్మను. మధ్యాహ్నం మెయిన్ లైన్ మీద బండి వెళ్తుంటే రెండో కన్నూ మూసుకునే, హారన్ విని ఏ ఇంజనో చెప్పారు. లోడు బండా, ఖాళీ బండా కూడా చెప్పారు.

నోట్‌బుక్ తీసి చూశాను. ఆయన రాసిన లైను పక్కన ఆఖరి గడి, బాగుచేసినవాళ్లు సంతకం పెట్టేది, ఖాళీగా ఉంది. నేను నింపేది కాదు. ఆయన నింపేదీ కాదు.

రేపు ఎనిమిదింటికి కట్టు విప్పుతారు. ఆటో చెప్పాను. బ్యాగులో ఏమేం పెట్టాలని అడిగితే మందుల చీటీ, నీళ్ల సీసా, తువ్వాలు అన్నారు. జిప్పు వేయబోతుంటే, "నీ పుస్తకం కూడా ఎట్టు" అన్నారు.

పెట్టాను. పెన్ను కూడా.