ఇంజనీరుగారి మఫిన్లు

ఫిబ్రవరి 7, 1983, సోమవారం

ఎక్స్‌ఛేంజిలో టెలిఫోన్ బోర్డు పాడైంది. మధ్యాహ్నానికే మమ్మల్ని ఇళ్ళకి పొమ్మన్నారు. తలుపు తోసుకుని వెళ్తే వంటింట్లో మా ఆయన.

మళ్ళీ రాస్తాను. వంటింట్లో. మా ఆయన.

పెళ్ళయి ఎనిమిదేళ్ళు. ఏడాదిలో పది నెలలు ఓడ మీద, రెండు నెలలు కంచరపాలెంలో. ఆ రెండు నెలలూ అత్తయ్య ఆయన్ని మంచినీళ్ళు కూడా ముంచుకోనివ్వదు. షిప్పులో ఇంజనీరు, ఇంట్లో కడవ ముట్టుకోవడమేమిటని. అలాంటి మనిషి, అత్తయ్య బయటికెళ్ళిన వేళ చూసి, లుంగీ ఎగ్గట్టి, నడుముకి నా తువ్వాలు చుట్టి, బొగ్గుల కుంపటి ముందు గొంతుక్కూర్చున్నాడు. కుంపటి మీద నా పెద్ద డబరా. డబరాలో ఇసుక! పక్కన ఇల్లు కడుతుంటే అక్కడి నుంచి తెచ్చి జల్లించాడట. ఇసుకలో పాప పాల గిన్నెలు వరసగా. మూత మీద నిప్పులు.

ఏం చేస్తున్నారండీ అన్నాను. ఉలిక్కిపడ్డాడు. మఫిన్లు అన్నాడు. మొక్కజొన్న నూక, మైదా, గుడ్డు, డబ్బా చీజు వేసి చేస్తారట. తీపివి కాదు, ఉప్పూ కారమూ వేసినవి. ఊరికే సరదాకి సేత్తన్నానే అన్నాడు.

సరదాకి ఉల్లిపాయ అలా తరుగుతారా ఎవరైనా? పీట మీద కత్తి ఆడుతుంటే నా చూపు అందుకోలేకపోయింది. మళ్ళీ కన్నీరు కూడా లేదు మహానుభావుడికి.

అదే రోజు, సాయంత్రం

డబరా దించి పట్టుకొస్తూ హాట్! హాట్! అని ఒక్క కేక పెట్టాడు, అత్తయ్య మొహమ్మీదే. ఆవిడ గోడకి అతుక్కుపోయింది. ఏటిరా ఆ కేకలు, గుండాగిపోద్ది అంది. అలవాటైపోనాది అన్నాడు.

ఇంజనీరుకి అదేం అలవాటు?

మఫిన్లు అడుగున మాడాయి. లోపల నూక పళ్ళ కింద కరకరలాడింది. ఇసుక పొరపాటున లోపలే పడిందేమో అనుకున్నాను. చీజు వాసనకి అత్తయ్య ముక్కు మూసుకుని, అటక మీద ఎలక సచ్చిందేటే, సూడు అంది. పాప మాత్రం ఒకటి తిని ఇంకోటి అడిగింది. దానికి డబ్బాలోంచి వచ్చిందేదైనా ఇష్టమే.

ఫిబ్రవరి 8

షిఫ్టు హడావిడిలో బెండకాయ పులుసులో ఉప్పు రెండుసార్లు పడింది. నా వంట సంగతి నాకు తెలుసు. అత్తయ్య నన్ను ఏడు తరాలు తిట్టింది. మా ఆయన మాత్రం కలుపుకున్నాడు, తిన్నాడు, రెండు గ్లాసుల నీళ్ళు తాగాడు. బాగుందీ అనలేదు, బాలేదూ అనలేదు. ఎనిమిదేళ్ళుగా ఇదే వరస. ఇనుముతో కాపురం చేసే మనిషికి నాలుకెక్కడుంటుందిలే అని సరిపెట్టుకున్నాను.

ఫిబ్రవరి 10, గురువారం

జరిగింది జరిగినట్టు రాస్తాను.

మా ఆయన మార్కెట్‌కి వెళ్ళిన వేళ వన్ టౌన్ నుంచి ఖాదర్ అని ఒకాయన వచ్చాడు. భండారీ ఉన్నాడా అమ్మా అని అడిగాడు. ఆ పేరు గలవాళ్ళు ఇక్కడ లేరన్నాను. పేరు కాదమ్మా, రమణమూర్తే, మా షిప్పులో భండారీ, ఆయన చేతి మటనే తిని ఆరేళ్ళు బతికినాం సముద్రం మీద అని నవ్వాడు. భండారీ అంటే ఎవరన్నాను. వంటాయనమ్మా అన్నాడు.

నా మొహంలో ఏం కనిపించిందో, ఆయన నవ్వు ఆగిపోయింది. రష్యా వాళ్ళ హాస్టల్లో కుక్కు పని గురించి కబురు తెచ్చానమ్మా, ఇరవై నాలుగో తారీకున వచ్చి ఏదైనా వండి చూపించమన్నారు, చెప్పండి అని, చెప్పులు సగమే తొడుక్కుని వెళ్ళిపోయాడు.

స్టవ్ మీద పాలు పొంగి మంట ఆరిపోయింది. కిరసనాయిలు వాసన ఇల్లంతా పట్టేదాకా నాకు తెలియలేదు.

ఫిబ్రవరి 11

ఇంజనీరు కాదు.

ఫిబ్రవరి 12, శనివారం

అత్తయ్య పాపని తీసుకుని అమ్మవారి గుడికి వెళ్ళింది. అడిగేశాను. దాచలేదు. అదే నాకు ఇంకా ఒళ్ళు మండించింది. ఒక్కసారైనా బుకాయిస్తే గట్టిగా కేకలేద్దామని గొంతు సవరించుకుని ఉన్నాను.

మొదట ఎక్కింది ఇంజన్ రూములోనేనట. నూనె మరకలు తుడిచే పని. ఆ వేడికి రెండుసార్లు పడిపోతే తీసుకెళ్ళి వంటింట్లో పడేశారట. ఇంజన్ దగ్గర పని అని ఊరికి ఉత్తరం రాశాడు. భీమిలి పక్క ఆ పల్లెలో ఇంజన్ కాస్తా ఇంజనీరైంది. తిరిగి వచ్చేసరికి అత్తయ్య ఊరంతా చెప్పేసింది. సంబంధం చూడ్డానికి మా నాన్న కూడా వచ్చేశాడు. అప్పుడు సెప్పలేకపోనాను, తరవాత సెప్పడానికి మొకం సెల్లలేదు అన్నాడు.

మరి ఎనిమిదేళ్ళు నా వంట తిన్నావే, నువ్వు వంటవాడివై ఉండి, ఒక్క మాటైనా అన్నావా, లోపల నవ్వుకున్నావా అని అడిగాను. అండీ గిండీ ఎగిరిపోయాయి.

అప్పుడన్నాడు. ఓడలో ముప్పై మంది, మూడు పూటలు. తిండికి పేరెట్టకుండా ఒక్కడూ లెగడు. గంజన్నారు, కుడితన్నారు, ఒకడు పళ్ళెం నా గుండెలకేసి కొట్నాడు. నా ఇంటికెళ్తే నా పెళ్ళాం ఏటెట్టినా పేరెట్టకూడదని ఆ రోజే ఒట్టెట్టుకున్నాను.

ఇంజనీరు కాదన్నప్పటికంటే ఎక్కువ దెబ్బ తగిలింది. అన్నేళ్ళూ ఆయన్ని నాలుక లేని మనిషనుకున్నాను.

అసలు సంగతి ఇంకా ఉంది. స్టీల్ ప్లాంటు కట్టడానికి వచ్చిన రష్యా వాళ్ళుండే హాస్టల్లో ఉద్యోగం. జీతం ఓడలో కంటే తక్కువ. కానీ రోజూ సాయంత్రానికి ఇంటికొచ్చేయొచ్చు. ఆ మఫిన్లు అందుకే. ఈయన ఓడ కెప్టెన్ అమెరికాలో మొక్కజొన్న ఓడకెత్తే రేవులో వీటిని తిని, రోజూ అదే చేయించుకునేవాడట. అక్కడ ఆ నూకని గ్రిట్స్ అంటారట. తెల్లోళ్ళకి నచ్చుతాయని ధీమా.

కాకపోతే ఇక్కడ చేరితే ఊరందరికీ తెలుస్తుంది. వద్దంటే ఇరవై ఎనిమిదిన బొంబాయిలో షిప్పెక్కాలి. మళ్ళీ పది నెలలు. ఇంజనీరుగా. నువ్వెలాగంటే అలాగే గౌరీ అన్నాడు.

నాకు వంటవాడంటే చిన్నచూపా? కాదని రాయాలని ఉంది. కలం కదలడం లేదు.

ఫిబ్రవరి 14

ఆఫీసులో పక్క సీటు భ్రమరాంబ నా చెయ్యి పట్టుకుంది. వాళ్ళ తమ్ముడు ఐ.టి.ఐ. చేశాడట. మీ ఇంజనీరుగారికి చెప్పి షిప్పులో వేయించవే అంది. సరే అన్నాను. సరే అన్నాను! నా నోటికి తాళం వెయ్యాలి.

ఫిబ్రవరి 16, బుధవారం

తాళం వేయలేదు. ఫలితం అనుభవిస్తున్నాను.

కూర మాడిందని అత్తయ్య మొదలుపెట్టింది. నా కొడుకు ఓడకి ఓడే నడిపినోడు, ఆడికి ఈ మాడు కూడెడతావా అంది. పొద్దుట్నుంచి కాల్స్ కలిపి కలిపి నా బుర్ర వేడెక్కి ఉంది. నీ కొడుకు నడిపింది ఓడని కాదు, గరిటెని అనేశాను.

ఆవిడ ముందు నవ్వింది, కోడలు పరాచికాలాడుతోందని. తరవాత కొడుకు వంక చూసింది. ఆయన తలెత్తలేదు. అంతే, ఆవిడ మొహంలో రక్తం లేదు. ఊరూ వాడా సెప్పుకున్నానురా, అమ్మోరి పరసలో మైకులో కూడా సెప్పించినానురా అంది. ఆ మాట మళ్ళీ మళ్ళీ అంది. మంచం గోడ వైపు లాక్కుని అటు తిరిగి పడుకుంది. రాత్రి తినలేదు.

నా మీద నాకే అసహ్యం వేస్తోంది.

ఫిబ్రవరి 17

అత్తయ్య టీ తప్ప ఏమీ ముట్టలేదు. అదీ పాప ఇస్తేనే.

ఫిబ్రవరి 18, శుక్రవారం

ఇది రాసి తీరాలి.

ఆయన మళ్ళీ కుంపటి రాజేశాడు. ఈసారి ఇసుక ఎక్కువ పోశాడు, నిప్పులు తగ్గించాడు. అడుగు మాడలేదు. నూక మాత్రం అదే కరకర. ఓడలో నూక డబ్బాల్లో వచ్చేదట, వేడినీళ్ళు పోస్తే చాలు ఉడికిపోయేదట. ఇది మర నూక. గులకరాళ్ళే నయం. మఫిన్ విరిచి, నూక పలుకులు వేలితో ఏరుతూ కూర్చున్నాడు. ఇరవై నాలుగుకి ఎన్నో రోజుల్లేవు. నాకు జాలేసింది. జాలి ఎందుకు వేయాలి, ఈ ఉద్యోగం రాకపోతే నా పరువు నిలబడుతుంది కదా? అయినా వేసింది.

అప్పుడు గోడ వైపు నుంచి ఒక్క అరుపు. ఒరే సన్నాసీ, నూక నానెయ్యకుండా ఏటి వండుతావురా? ఏ దేశంలో నేర్సినావురా? పుల్ల మజ్జిగలో పొద్దున్న నానేసి, సాయంత్రం సిన్న సెగ మీద అంబలిలా ఉడికిస్తే, అప్పుడు నోట్లో కరుగుతాది!

అత్తయ్య! కొడుకు వంటవాడైతే సహించలేక రెండు రోజులు పస్తులుంది. నూక తప్పుగా వండితే మాత్రం రెండు నిమిషాలు ఓర్చుకోలేకపోయింది.

నానెయ్యమ్మా మరి నువ్వే అన్నాడు ఆయన మెల్లిగా. నానెందుకేత్తాను, సేతులు లేవేటి నీకు అంది. అని లేచింది.

ఫిబ్రవరి 20, ఆదివారం

మజ్జిగలో నానిన నూకని అత్తయ్య ఉడికించింది. ఆయన దించి, వేడి మీదే చీజు తురిమి కలిపాడు. చల్లారాక గుడ్లు, మైదా, సోడా, మిరియాల పొడి. నేను పచ్చిమిరపకాయలు తరిగాను, నా పద్ధతిలో, కత్తిపీట మీద. గిన్నెలకి నెయ్యి రాసింది పాప.

మూత తీస్తే అన్నీ పొంగి ఉన్నాయి. పైన దోర రంగు, అంచుల్లో చీజు కరకరలాడుతూ. విరిస్తే లోపల పసుప్పచ్చగా, మెత్తగా, ఆవిరి కక్కుతూ. పుల్లటి మజ్జిగ రుచి ముందు తగిలింది, వెనకాల చీజు, ఆ వెనకాల మిరియం. అత్తయ్య ఒకటి తిని, ఎలక వాసన మాట ఎలాగున్నా ఉప్పు సరిపోయినాది అంది. రెండోది కొంగులో దాచుకుంది. నేను చూడలేదనుకుంది.

పాప ఆయన ఒళ్ళో కూర్చుని తింటూ, నాన్నా నువ్వెప్పుడెళ్తావు అని అడిగింది. ఆయన వచ్చిన ప్రతిసారీ అడుగుతుంది. ఆయన వెళ్తే గానీ దానికి నా పక్కన చోటు దొరకదు. ఎప్పుడూ నవ్వేసేవాడు. ఈసారి నవ్వలేదు. నా వంక చూశాడు. నోట్లో ముక్క అలాగే ఉంది, నమలడం లేదు.

ఫిబ్రవరి 21, సోమవారం

మిగిలిన మఫిన్లు క్యారియర్‌లో పెట్టుకుని ఆఫీసుకి వెళ్ళాను. టీ వేళకి అందరికీ పంచాను. ఏ బేకరీలో కొన్నావే అని భ్రమరాంబ. మా ఆయన చేశారన్నాను. ఇంజనీరుగారికి వంట కూడా వచ్చా అని అందరూ ముచ్చటపడ్డారు.

ఇంజనీరు కాదు, వంటవాడు, ఓడలో వంటవాడు, ఇక మీదట హాస్టల్లో వంటవాడు అన్నాను. ఊపిరి తీసుకోకుండా. తీసుకుంటే ఆగిపోతానని తెలుసు.

బోర్డు మీద ట్రంక్ కాల్ లైట్లు వెలుగుతున్నాయి, ఒక్కరూ కదలరు. వెనక ఎవరో కిసుక్కుమన్నారు. భ్రమరాంబ చేతిలోని సగం మఫిన్ వంక చూసింది, నా వంక చూసింది. మరి మా తమ్ముడి సంగతో అంది. కూరలు తరగడం వస్తే చెప్పమన్నాను. ఆ సగం కింద పెట్టేస్తుందనుకున్నాను. తినేసింది.

ఆ మాటలన్నది నేనేనా?

ఇంటికొచ్చి, బొంబాయికి రావడం లేదని టెలిగ్రాం ఇచ్చేయండి, హాస్టల్ పని రాకపోతే ఇంకో వంటిల్లు చూసుకుందాం అన్నాను. ఆయన గిన్నెలు తోముతున్నాడు. తోముతూనే ఉన్నాడు, తోమిన గిన్నెనే మళ్ళీ తోముతున్నాడు. భుజాలు కదులుతున్నాయి. నేను చూడనట్టు బయటికొచ్చేశాను.

ఫిబ్రవరి 24

రష్యా పెద్దాయన రుచి చూసి ఏమీ అనలేదట. రెండోది తీసుకున్నాడట. మూడోది కాగితంలో చుట్టుకున్నాడట. ఒకటో తారీకు నుంచి రమ్మన్నారు.

అత్తయ్య ఊరికి కబురు పంపుతోంది. నా కొడుకు రష్యా దొరలకి పెద్ద కుక్కంట, ఆడు లేకపోతే స్టీల్ ప్లాంటే లెగదంట. నేను నోరు మూసుకున్నాను.

మార్చి 1, మంగళవారం

పొద్దున్న ఆయన బయల్దేరుతుంటే పాప టాటా చెప్పింది. వచ్చే ఏడాది వచ్చేటప్పుడు బొమ్మ తెమ్మంది. సాయంత్రమే వచ్చేస్తానంటే నమ్మలేదు. దర్జాగా నా పక్కన తలగడ వేసుకుంది.

సాయంత్రం ఆయన గుమ్మంలో కనబడగానే జడుసుకుని కెవ్వుమంది.

మార్చి 20, ఆదివారం

భోజనానికి కూర్చున్నాం. పులుసులో ఉప్పెక్కువైనాదే అన్నాడు మా ఆయన.

ఎనిమిదేళ్ళ ఒట్టు తీసి గట్టున పెట్టాడన్నమాట. గరిటె ఆయన చేతికిచ్చాను.