కౌంటర్ వెనక కుర్చీ

ఎడిసన్, న్యూజెర్సీ

చిరంజీవి స్మృతికి నాన్న ఆశీస్సులు.

ఇక్కడ మేమిద్దరం కులాసా. అక్కడ క్యారీలో నువ్వూ కులాసాయే అనుకుంటాను. ఫోన్‌లో అయితే మధ్యలోనే నా నోరు మూయిస్తావు, అందుకే ఈ ఉత్తరం.

నా మోకాలి గురించి అడిగావు. సాఫ్ట్‌వేర్ ఉద్యోగం ఊడిన దగ్గర్నుంచీ మోహన్ కిరాణా కొట్లో బియ్యం బస్తాలు మోసే మోకాలు కదా, ఎలా ఉంటుంది? "కొట్లో ఎవరితోనూ వాదన పెట్టుకోకు నాన్నా, ఈ వయసులో ఇంకో జాబ్ దొరకదు" అని కూడా రాశావు. దానికే వస్తున్నాను.

క్యాష్ కౌంటర్‌లో జయంతి అనే అమ్మాయి పనిచేస్తుంది. భర్తకి లేఆఫ్ అయింది. ఈమె ఏడో నెల కడుపుతో పొద్దస్తమానం నిలబడితేనే ఆ ఇంట్లో పొయ్యి వెలుగుతుంది. కుర్చీ అడిగితే మోహన్ నవ్వుతాడు. "మనం మనం ఫ్యామిలీ కదా చెల్లెమ్మా, కూర్చుంటే కస్టమర్స్‌కి బ్యాడ్‌గా ఉంటుంది."

ఈ 'చెల్లెమ్మా' ఉందే, దాన్ని మించిన సంకెల లేదు! పరాయివాణ్ణయితే నిలదీస్తాం. అన్నయ్యనెలా నిలదీస్తాం? వందేళ్ళ కిందట ఇదే న్యూజెర్సీలో పట్టుమిల్లు కార్మికులు పిల్లాపాపలతో వీధికెక్కారు. వాళ్ళని ఏ యజమానీ చెల్లెమ్మా అని పిలవలేదు, అదృష్టవంతులు.

శ్రావణ శుక్రవారానికి మోహన్ కౌంటర్ పక్కనే అమ్మవారికి పట్టుచీర కట్టి మెత్తటి కుర్చీలో కూర్చోబెట్టాడు. ఆ పక్కనే జయంతి, వాచిన పాదాలతో. నాకు ఒళ్ళు మండిపోయింది.

"కలశం మీది కొబ్బరికాయకి కుర్చీ వేశావు, కడుపుతో ఉన్న మనిషికి వెయ్యలేవూ?" అన్నాను, కస్టమర్లందరి ముందూ.

"దేవుడి దగ్గర పాలిటిక్స్ వద్దు బాబాయ్."

మర్నాడు ఇంట్లోంచి ఓ కుర్చీ తీసుకెళ్ళి కౌంటర్ వెనక వేశాను. "రేపట్నుంచి మీరు రెస్ట్ తీసుకోండి బాబాయ్" అన్నాడు. చూశావా, పీకేసేటప్పుడు కూడా బాబాయే!

అదీ సంగతి. ఈ ఉద్యోగమూ పోయింది. మీ అమ్మకి చెబితే, "గట్టిగానే గడ్డి పెట్టారా, లేదా?" అంది.

నిన్న జయంతి ఫోన్ చేసింది. కుర్చీ తీసెయ్యమన్నాడట. "కూర్చున్నాను కదా అన్నయ్యా, ఎలా తీస్తారు?" అని కదల్లేదట.

ఇంకొకటి చెప్పాలి, కోప్పడకు. నేను తీసుకెళ్ళింది భోజనాల బల్ల దగ్గర నీ కుర్చీ, చిన్నప్పుడు నువ్వు వెనకవైపు పేరు చెక్కుకున్నది. థాంక్స్‌గివింగ్‌కి వచ్చినప్పుడు నా దాంట్లో కూర్చో. నేను నిలబడి తింటాను, కొట్లో అలవాటైంది.

ఇట్లు,
వాదన మానని మీ నాన్న,
సూర్యప్రకాశరావు