కోపం తినే కత్తి

బెంటన్‌విల్
నవంబర్

ప్రియమైన భానూ,

ఇదేంటి, ఉత్తరం రాసింది అనుకుంటున్నావా? నేనున్న చోట ఫోన్లు పనిచేయవు, నన్ను బయటికీ వదలరు. ఇక్కడో కత్తి ఉంది, దాని దగ్గరికొస్తే ఏ ఫోనైనా చచ్చి ఇటుక ముక్కైపోతుంది. ఇక్కడి గుహలో నేల చీలిందని న్యూస్‌లో చూసే ఉంటావు. అందులోంచి నల్లటి తీగలు పైకి పాకుతున్నాయి. అవి తాకింది చెట్టయినా మనిషయినా రాయైపోతోంది. వాటిని తెగ్గొట్టేది ఆ గుహలోనే దొరికిన కత్తి ఒక్కటే. ఎవరు చేశారో, లోపల ఏ మెషీన్ ఉందో సైంటిస్టులకే అంతుపట్టలేదు. పట్టుకున్నవాళ్ల మనసులో ఏదైనా బలంగా ఉంటే వెలుగుతుంది, లేకపోతే ఉత్త ఇనప ముక్క. ఊళ్లో అందరి చేతా పట్టించి చూశారు. నా చేతిలో భగ్గుమంది. ఇక్కడి ఆఫీసులో మా మేనేజర్ రాజ్ ఆ పొద్దున్నే కాంట్రాక్ట్ గురించి నస పెట్టాడులే.

ఒక్కటే చిక్కు. ఏ భావంతో వెలిగితే ఆ భావాన్ని అది తినేస్తుంది. ఇప్పుడు రాజ్ మీద వెతికినా కోపం దొరకదు. నాకంటే ముందు కత్తి పట్టిన దేదీప్య తన కొడుకు ఆరుష్ మీద ప్రేమతో వెలిగించింది. ఇప్పుడు వాడి ఫోటోని పక్కింటి పిల్లాడి ఫోటో చూసినట్టు చూస్తోంది. అందుకే నేను కోపాలే వాడుతున్నాను. క్రిస్మస్‌లోపు గుహ అడుగున ఉన్న తీగల మొదలు నరకాలట. అప్పటిదాకా కోపాలు సరిపోతాయో లేదోనని భయంగా ఉంది.

ఫ్రీమాంట్‌లో చలి మొదలైందా? సాయంత్రం కాగానే నా కరివేపాకు మొక్కకి పాత పచ్చ దుప్పటి కప్పు. మర్చిపోయావో, చంపేస్తాను.

నీ
వల్లి

*

ప్రియమైన వల్లికి,

ఉత్తరం అందింది. మొక్క పోయింది. మ్యాచ్ చూస్తూ సోఫాలోనే నిద్రపోయాను, దుప్పటి సంగతి గుర్తులేదు. పొద్దున చూస్తే మంచుకి మాడిపోయి ఉంది. మొదలంటా పీకి చెత్త వేసే గ్రీన్ బిన్‌లో పడేశాను. ఇండియన్ స్టోర్‌లో కట్టలు కట్టలు దొరికేదానికి నువ్వు చేసే హడావుడి నాకెప్పుడూ అర్థం కాలేదు.

ప్యాంట్రీలో అడ్డంగా ఉందని నీ ఆవకాయ జాడీ పక్కింటి నమ్రత వాళ్లకి ఇచ్చేశాను.

ఉంటాను,
భాను

*

భానుప్రకాష్ గారికి,

తమరికో దండం.

ఆ మొక్క మన ఎదురింటి మీనా ఆంటీ పెరట్లో లేచిన పిలక. ఈ దేశం వచ్చిన మొదటి ఏడు పనిచేసే వీసా లేక, ఉద్యోగం లేక, మీరు ఆఫీస్‌కి వెళ్లాక పలకరించే మనిషి లేక నేను దాంతోనే మాట్లాడాను. ఆ సంగతి మీకు తెలుసు. తెలిసీ పీకారు.

ఇవాళ కత్తి పట్టుకోగానే గుహంతా ఎర్రబడింది. గోడల మీది తీగలన్నీ తెగి పడ్డాయి. అందరూ చప్పట్లు కొట్టి, ఏం తలుచుకున్నావని అడిగారు. మా ఆయన్ని అన్నాను. కత్తి ఎంత తిన్నా అడుగున ఇంకా బోలెడు కోపం ఉంది. మళ్లీ ఉత్తరం రాయకండి.

శ్రీవల్లి

*

వల్లీ,

రాయొద్దన్నావు కాబట్టే రాస్తున్నాను. మొక్క ఉన్న చోట బార్బెక్యూ గ్రిల్ పెట్టిస్తున్నాను. నువ్వు దాంతో మాట్లాడే సంగతి ఆఫీస్‌లో చెప్పుకుని తెగ నవ్వేవాళ్లం. నీకు చెప్పలేదు కదూ?

ఈ పార్శిల్‌లో పొడి పెట్టాను. అక్కడి తిండి నీకు పడదు. వేడన్నంలో నెయ్యి వేసుకుని తిను.

భాను

*

ప్రియమైన భానూ,

కొంప ముంచావు.

కరివేపాకు పొడి డబ్బా మూత తీయగానే తెలిసిపోయింది. స్టోర్ ఆకు ఎంత వేయించినా ఆ వాసన రాదు. అది నా మొక్క ఆకే. మొన్నో అటుమొన్నో కోసిన ఆకు. నాకు కోపం తెప్పించడానికి ఇన్ని అబద్ధాలు అల్లినవాడివి, నేను సరిగ్గా తినడం లేదేమోనని ఆగలేకపోయావు కదూ? ఒక్క ముద్ద తిన్నాను. ఏడుపొచ్చేసింది. కోపం మొత్తం పోయింది.

మొదలు నరకడానికి ఇంకెంతో టైమ్ లేదు. తీగలు రోడ్డు దాటాయి. నిన్న పిల్లలు దిగిన కాసేపటికే స్కూల్ బస్సు రాయైపోయింది. నేనేమో కత్తి పట్టుకుంటే వెలగడం లేదు. భయంతో ప్రయత్నించాను. కాస్త మినుకుమని ఆరిపోయింది. ఇక నా దగ్గర బలంగా మిగిలింది నువ్వంటే ఇష్టం ఒక్కటే. దాన్ని ఇవ్వలేను భానూ. ఇస్తే నేను ఇంటికి ఎవరిగా వస్తాను?

నాకు నిజంగా కోపం వచ్చేది ఏదైనా రాయి. రాత్రికి రాత్రి చేరే ఓవర్‌నైట్ పోస్ట్‌లో పంపు.

నీ
వల్లి

*

ప్రియమైన వల్లీ,

కూర్చుని ఎంత ఆలోచించినా ఏమీ దొరకలేదు. దొరికినా నువ్వు ఇప్పుడు నమ్మవు. ఆ పొడి పంపిన చేతుల్ని నరుక్కోవాలనిపిస్తోంది.

ఉన్నదే వాడెయ్. నన్ను చూసి ఎవరీ బట్టతలాయన అనుకున్నా సరే, నువ్వు రాయైపోకూడదు. ఆ పిల్లలూ కాకూడదు. పెళ్లిచూపుల్లో కూడా నేను నీకు నచ్చలేదు కదా. ఒప్పించుకున్నాను. మళ్లీ ఒప్పించుకుంటాను.

ఇది పోస్ట్ చేసి కార్‌లో బయలుదేరుతున్నాను.

నీ
భాను

*

భానుప్రకాష్ గారికి,

మొదలు తెగింది. చీలిక మూసుకుపోయింది. కత్తి ఎప్పుడూ లేనంత తెల్లగా వెలిగి, ఆ తర్వాత పొడిపొడి అయింది. ఊరు క్షేమం.

మీ ఉత్తరాలన్నీ మళ్లీ చదివాను. జరిగినవన్నీ గుర్తున్నాయి. పెళ్లిచూపులు, ఫ్రీమాంట్, ఉద్యోగం లేని ఆ ఏడు. అన్నీ ఎవరో చెప్పగా విన్నట్టు ఉన్నాయి. చదువుతుంటే లోపల ఏమీ కదల్లేదు. క్షమించండి.

డాక్టర్లు రేపటిదాకా నన్ను బయటికి వదలరు. అందుకే ఇది దేదీప్య చేతికిచ్చి పంపుతున్నాను. మీరు వచ్చారని తనే చెప్పింది. కిటికీలోంచి చూశాను. గేటు అవతల కారుకి ఆనుకుని, చలికి ముడుచుకుని నిలబడ్డారు. జాలేసింది. ఎవరిని చూసినా అంతే వేస్తుంది. ఇక కిటికీ దగ్గర్నుంచి వచ్చేద్దామనుకున్నాను.

అప్పుడు మీ భుజాల మీదికి చూపు పోయింది. పాత పచ్చ దుప్పటి.

అది మీరు కప్పుకొస్తే అక్కడ మొక్కకి ఏం కప్పారు? డిసెంబర్ కదా ఇది? అన్ని రాష్ట్రాలు దాటి వచ్చే మనిషికి ఇంట్లో ఒక్క కోటు దొరకలేదా? చేతికందింది లాక్కుని వచ్చేయడమేనా? అప్పుడు అబద్ధం రాశావు, ఇప్పుడు దాన్ని నిజం చేసి వచ్చావు కదరా భానూ! బుద్ధుందా అసలు నీకు?

చూడు, అక్షరాలు వంకర్లు పోతున్నాయి. ముక్కూ మొహం తెలియనివాడి మీద నాకింత కోపం రాదు.

కత్తి పోయింది కాబట్టి రోడ్డు చివరికెళ్తే సిగ్నల్ వస్తుందట. ముందు నమ్రతకి ఫోన్ చేసి మొక్క మీద ఏదైనా కప్పించు. తర్వాత వచ్చి ఆ గేటు దగ్గరే ఉండు. రేపు నేను బయటికి వచ్చేసరికి కనబడలేదో, చంపేస్తాను.

వల్లి