ఆ పెద్దది ఆడపక్షి

గడ్డిఅన్నారం,
ఏప్రిల్ 12

నా సుప్రియక్కకు,

ఫోనుండగా ఉత్తరమేమిటని నవ్వుకుంటున్నావు కదా? మన రెండు గదుల ఇంట్లో ఫోనులో ఏం మాట్లాడినా అమ్మ వింటుంది. అమ్మ విన్నది సాయంత్రానికి నాన్నకు చేరుతుంది. పైగా ఆదిలాబాద్ దవాఖానలో నీ డ్యూటీ ఎప్పుడుంటుందో నాకు ఎప్పటికీ అర్థం కాదు. అందుకే కాగితం పట్టుకున్నాను.

నాకు పని దొరికింది. ఎల్బీనగర్ దాటాక హయత్‌నగర్ రోడ్డు పక్కన ఖాళీ స్థలంలో పెద్ద డేరాలు వేసి ‘రాక్షస పక్షులు’ అని వేసవి ప్రదర్శన పెట్టారు. ఇప్పుడు భూమ్మీద ఎక్కడా లేని పక్షులన్నీ ఫైబరు బొమ్మలై అక్కడ నిలబడి ఉన్నాయి. కొన్ని మెడ తిప్పుతాయి, కొన్ని అరుస్తాయి. వచ్చినవాళ్ళకు తెలుగులో వివరించడానికి జువాలజీ చదివిన మనిషి కావాలన్నారు. యజమాని ఉపేంద్ర గారు నన్ను కింది నుంచి పై దాకా చూసి, “నువ్వైతే గుంపుల గూడ కనబడుతవ్. రేపటి సంది రా” అన్నారు. నా ఎత్తు చూసి ఒక మనిషి సంతోషపడటం ఇదే మొదటిసారి అక్కా.

మడగాస్కర్ ఏనుగుపక్షి గుడ్డు నమూనా ఒకటుంది. రెండు చేతులా ఎత్తుకోవాలి. నూటయాభై కోడిగుడ్ల పెట్టు. దాన్ని చూసిన ఆడవాళ్ళందరూ ఒకటే అడుగుతారు, “ఉడకనీకి ఎంతసేపు పడుతదమ్మా?” అని. నిజంగా ఎంతసేపు పడుతుందో! బస్సులో కూడా అదే ఆలోచన. మన దేశంలోనూ ఒకప్పుడు నిప్పుకోళ్ళు తిరిగాయని, వాటి గుడ్ల పెంకులు మట్టిలో దొరికాయని చెబితే ఎవరూ నమ్మరు.

నాకు అన్నిటికన్నా ఇష్టమైనది న్యూజిలాండ్ మోవా. దానికి రెక్కలు లేవు. చిన్నవి ఉన్నాయని కాదు, రెక్క ఎముకే లేదు. పెద్దజాతి మోవాలో ఆడది మగదానికి రెండింతలు. ఎముకలు చూసి చాలా కాలం వేరు వేరు జాతులనుకున్నారట. ఎముకల్లోని డీఎన్‌ఏ పరీక్షించాక గానీ అవి ఆలుమగలని తెలియలేదు. కానీ మా దగ్గర పెద్ద బొమ్మ కింద ‘మగ’, చిన్నదాని కింద ‘ఆడ’ అని బోర్డులున్నాయి. తప్పని చెబితే ఉపేంద్ర గారు, “జనానికి గట్లైతెనే సమజైతది. ఇప్పుడు బోర్డు ఎవడు మారుస్తడు?” అన్నారు.

ఇక అసలు సంగతి. పోయిన నెల సైదాబాద్ సంబంధం వాళ్ళు వచ్చి వెళ్ళారు. వాళ్ళు వచ్చే ముందు అమ్మ నన్ను దివాన్ మీద కూర్చోబెట్టి, “వాళ్ళు పోయేదాక లేవకు” అంది. లేవలేదు. వెళ్ళేటప్పుడు ఆ పెద్దావిడ నా చేతి నుంచి తాంబూలం తీసుకుంటానంటే లేవక తప్పలేదు. మెట్లు దిగుతూ ఆమె అన్నమాట వినబడింది, “పక్కన మావోడు నిలబడితే ఫొటో ఎట్లొస్తది?” అని. దానికి నేను ఏడవలేదు. తరువాత తెలిసింది, నాన్న పెళ్ళిళ్ళ పేరయ్యకు నా ఎత్తు నాలుగంగుళాలు తగ్గించి చెప్పాడట. దానికి ఏడ్చాను. దిల్‌సుఖ్‌నగర్ దుకాణంలో చీరలు అమ్మేటప్పుడు కొలతలో వేలెడు తేడా వచ్చినా ఊరుకోని మనిషి, నన్ను తక్కువ కొలిచాడు.

జూన్‌లో ఈ ప్రదర్శన నాగపూర్ వెళ్తుంది, ఏడాదిపాటు ఊరూరా తిరుగుతుంది. నన్నూ రమ్మన్నారు. వెళ్తానన్నాను. ఇక ఎవరి ముందూ కూర్చోను. ఇంట్లో ఇంకా చెప్పలేదు. నువ్వూ చెప్పకు.

నీ
సుచిత్ర

గడ్డిఅన్నారం,
ఏప్రిల్ 27

అక్కా,

నీ జవాబు చేరింది. ‘పారిపోతున్నావా, వెళ్తున్నావా?’ అని అడిగావు. ఇంకా తెలియదు. ఈలోపు ఒక గొడవ జరిగింది, విను.

బోర్డు మీద ఏమున్నా నేను నోటితో నిజమే చెబుతున్నాను. నిన్న ఒకాయన, “బోర్డు మీద మగ అని ఉంటే ఆడదంటవేంది?” అని అరిచాడు. ఉపేంద్ర గారు పరుగెత్తుకొచ్చి అందరి ముందూ, “బోర్డు మీద ఉన్నదే చెప్పు” అన్నారు.

“అది తప్పు సార్. నేను చెప్పను” అన్నాను. పని పోతుందనుకున్నాను.

అప్పుడు బెంచీ మీద కూర్చున్న ఒక పొట్టి ముసలమ్మ గొంతెత్తింది. ఒంటి మీద పోచంపల్లి చీర. “గుడ్డు పెట్టేది పెద్దగుంటే తప్పేంది సారూ? గంత గుడ్డు చిన్నదాని కడుపుల ఎట్ల పడుతది?”

జనం నవ్వారు. ఉపేంద్ర గారు కూడా నవ్వాపుకోలేక వెళ్ళిపోయారు. పొద్దున వచ్చి చూస్తే రెండు బోర్డుల మీదా కొత్త కాగితాలు అంటించి ఉన్నాయి!

ఆ ముసలమ్మ నిన్న చాలాసేపు ఉంది.

“మరి గీ చిన్నోడు ఏం జేస్తడు బిడ్డా?”

“గుడ్లు పొదుగుతడమ్మా. పెంకు మస్తు పల్చగుంటది. పెద్దది కూసుంటే పగులుతదేమో. పెంకుల మీద మగవాటి ఆనవాళ్ళే దొరికినయంట.”

ఆమె కళ్ళలో నీళ్ళొచ్చేదాకా నవ్వింది. “మా ఇంటాయన ఉన్నప్పుడు తెల్వకపాయె!” అంది. వెళ్ళేముందు నన్ను మోవా పక్కన నిలబడమని, తలెత్తి ఇద్దరినీ మార్చి మార్చి చూసింది. ఎందుకో నాకు అర్థం కాలేదు.

వచ్చే ఆదివారం మళ్ళీ ఒక సంబంధం వస్తోంది. అబ్బాయి పేరు నాగార్జున, చీరల డిజైన్లు గీస్తాడట. వాళ్ళ ముందే వద్దని చెప్పేస్తాను.

నీ
సుచిత్ర

గడ్డిఅన్నారం,
మే 6

సుప్రియక్కా,

ఎక్కడ మొదలుపెట్టాలో తెలియడం లేదు.

ఆదివారం వాళ్ళొచ్చే వేళకు అమ్మ మళ్ళీ దివాన్ మీద కూర్చోబెట్టింది. తలుపులో మొదట అడుగుపెట్టింది ఎవరనుకున్నావు? ఆ ముసలమ్మే! అబ్బాయి తల్లి, కొమురమ్మ గారు.

ఆమె కూర్చోకుండానే, “లే బిడ్డా, నిలబడు. ఎందుకు కూసున్నవ్?” అంది. అమ్మ ఏదో చెప్పబోతే, “పిల్లను కూసుండబెట్టే చూపిస్తరని నాకెరికే అక్కా. గందుకే పిల్ల పనిచేసే జాగ పేరయ్యనడిగి, టికెట్ కొనుక్కొని పొయి నిలబడ్డప్పుడు చూసొచ్చిన” అంది.

లేచాను. ఎన్నాళ్ళుగానో వంచుకుని నడిచిన భుజాలు ఎత్తి నిలబడ్డాను. నాన్న కూడా లేచాడు. “నేను ఎత్తు తక్కువ చెప్పిన. వాళ్ళు వద్దంటరని భయమైంది” అన్నాడు. వాళ్ళతో కాదు అక్కా, నాతో అన్నాడు.

నాగార్జున నా భుజం దాటి కొంచెం వస్తాడు. డాబా మీద మాట్లాడుకోమన్నారు. వద్దని చెప్పడానికే మెట్లెక్కాను. “నేను జూన్‌ల నాగపూర్ పోతున్న, ఏడాది రాను” అన్నాను.

“రైలుంది గద” అన్నాడు. తరువాత, “ఆ పక్షులు ఎట్ల పోయినయ్?” అని అడిగాడు.

ఏడెనిమిది వందల ఏళ్ళ కిందట మనుషులు పడవల మీద ఆ దీవులకు చేరారని, పక్షుల్నీ గుడ్లనూ తిన్నారని, కొన్ని తరాల్లోనే ఒక్కటీ మిగల్లేదని చెప్పాను.

“ఆఖరిదాన్ని చూసినోనికి, అదే ఆఖరిదని తెలిసుంటదా?”

నెల రోజులుగా వేలమంది నన్ను ప్రశ్నలడిగారు. ఇది ఎవరూ అడగలేదు. తెలియదన్నాను. వద్దనే మాట మాత్రం నోట్లోనే ఉండిపోయింది.

కిందికి దిగి అందరి ముందూ నాగపూర్ సంగతి చెప్పాను. అమ్మ ఏడ్చింది. నాన్న, “పోయిరా. నెలకోసారి కనబడు” అన్నాడు. కొమురమ్మ గారు, “పనికి పోయే పిల్లను ఆపుతమా? పెళ్ళి మాట తర్వాత మాట్లాడుకుందాం” అని టీ తాగి వెళ్ళింది.

నిన్న సాయంత్రం నాగార్జున ప్రదర్శనకు వచ్చాడు. మోవా ముందు నిలబడి పెన్సిలుతో దాని ఈకలు గీసుకుంటూ, తల తిప్పకుండానే, “ఆ ఆఖరిది ఆడదా, మగదా?” అన్నాడు. అది కూడా నాకు తెలియదు.

నువ్వడిగిన దానికి ఇప్పుడు జవాబుంది. పారిపోవడం లేదు, వెళ్తున్నాను. పెళ్ళి సంగతి నిజంగా తెలియదు. కానీ ఈ మనిషి ఇంకా ఏమేం అడుగుతాడో తెలుసుకోవాలని ఉంది. అందుకే నాగపూర్ చిరునామా రాసిచ్చాను.

నీ చెల్లెలు,
సుచిత్ర