మొదటి నంబర్ బండి

సిద్దిపేట,
ఫిబ్రవరి 21.

ప్రియమైన రోజాకు,

నువ్వు కానిస్టేబుల్ ట్రైనింగుకు పోయి నేటికి పందొమ్మిది రోజులు. అక్కడ ఫోన్లు తీసి పెట్టుకుంటారని తెలిసినప్పుడు, ఆదివారం ఇచ్చే పది నిమిషాలు చాలులే అనుకున్నాను. ఆ పదిలో తొమ్మిది మా అమ్మే తీసుకుంటుంది. మిగిలిన ఒక్క నిమిషం "తిన్నవా" అంటే "తిన్న" అనడానికే అయిపోతుంది. అందుకే ఈ ఉత్తరం. నవ్వకు. పదో తరగతి పరీక్షలో సెలవు చీటీ రాసిన తర్వాత నేను ఇంత పొడుగు రాయడం ఇదే.

స్టాండులో, సరుకుల ట్రాలీలో కూర్చునే రాస్తున్నాను. ఈ రోజు కూడా నాదే మొదటి నంబర్. మిగతా ఎనిమిది మంది డ్రైవర్లు వచ్చేసరికి నేను గల్లీ మూల మీద బండి పెట్టుకుని రెండో చాయ్ తాగుతుంటాను. మెయిన్ రోడ్డు మీదుగా వచ్చే గిరాకికి ముందు కనపడేది నేనే. బాపు తోపుడు బండితో నిలబడ్డ రోజుల నుంచీ మన స్టాండు కట్టుబాటు అదే కదా, ముందు వచ్చినవాడు ముందు నిలబడాలి, ముందు కిరాయి వాడిదే.

ఒక్కటే చికాకు. మళ్లీ చలాన్ పడింది. నో పార్కింగ్ అట! దత్తాత్రి సేటు ఫర్నిచర్ దుకాణం ముందు ఎర్ర బోర్డు ఉంది చూడు, "ఇక్కడ వాహనములు నిలపరాదు, నిలిపిన గాలి తీయబడును" అని. ఆ దుకాణం పొడుగునా మేం ఒక్క చక్రం కూడా పెట్టము. బోర్డును అంత మర్యాద చేసే వాడికి నో పార్కింగ్ ఫైనా? పైగా తొమ్మిదింటికి ఆవలిస్తూ వచ్చే కృపాకర్‌కు ఒక్కటీ పడదు. పొద్దున ఆరున్నరకు వచ్చే నాకే అన్నీ.

నేను కట్టడం లేదు. "ఏడాదికోపాలి రాయితీ ఇస్తరు బావా, అప్పుడు సగంల తెగ్గొట్టుకోవచ్చు" అంటున్నాడు కృపాకర్. మా అమ్మ మాత్రం దిష్టి తగిలిందని నంబర్ ప్లేటు మీద నిమ్మకాయలు, మిరపకాయలు దండగా కట్టింది.

ఒళ్లు జాగ్రత్త. బూట్లు కరుస్తున్నాయన్నావు, కొబ్బరినూనె రాయి.

నీ మహేశ్.


శిక్షణ కేంద్రం,
మార్చి 2.

ప్రియమైన బావకు,

నీ ఉత్తరం బ్యారక్‌లో నలుగురికి చదివి వినిపించాను. సెలవు చీటీ దగ్గర అందరూ నవ్వారు, నిమ్మకాయల దగ్గర నేను తల పట్టుకున్నాను. ముందు ఆ దండ ప్లేటు మీద నుంచి తియ్యి. నంబర్ కనపడకపోతే దానికి వేరే ఫైన్ ఉంది. దిష్టి పోదు, ఇంకోటి వస్తుంది. అత్తమ్మకు కోపం రాకుండా లోపల అద్దానికి కట్టు.

రాయితీ కోసం ఆగడానికి అదేమన్నా ఆషాఢం చీరనా? వచ్చే ఏడాది నేను రోడ్డు మీద నిలబడి "పెండింగ్ చలాన్లు ఎన్ని ఉన్నయన్నా?" అని పదిమందిని అడగాలి. అందులో ఒకడు "మీ ఇంటి బండి మీద ఎన్నున్నయక్కా?" అంటే నా మొహం ఎక్కడ పెట్టుకోను? ముందు కట్టు. తర్వాత కొట్లాడదాం. నేను కూడా కొట్లాడతాను.

పొద్దున అయిదు కిలోమీటర్లు ఉరుకుతున్నాను. మొదటి వారం చివర వచ్చేదాన్ని, ఇప్పుడు నడుమ వస్తున్నాను.

నీ రోజా.


సిద్దిపేట,
మార్చి 24.

ప్రియమైన రోజాకు,

నీ మాట వినలేదు. నిమ్మకాయలు తీశాను కానీ చలాన్లు కట్టలేదు. దాని ఫలితం నిన్న అనుభవించాను.

కుకునూరుపల్లి రాజశేఖర్ సార్‌కు కొత్తింటి గృహప్రవేశం. సేటు దుకాణంలో బీరువా, మంచం కొన్నాడు. పొద్దున ఎనిమిది గంటల ముహూర్తం, పాలు పొంగించేలోపు బీరువా లోపల ఉండాలన్నాడు. ఆరింటికే లోడ్ చేసి బయలుదేరాను. ఊరు ఇంకో రెండు కిలోమీటర్లు ఉందనగా తనిఖీ. మిషన్‌లో నా నంబర్ కొట్టారు. ఏడు చలాన్లు! "కట్టి పో తమ్ముడూ" అన్నాడు ఆ సార్. కసురుకోలేదు, మర్యాదగానే అన్నాడు. నా దగ్గర అంత లేదు. రాజశేఖర్ సార్‌కు ఫోన్ చేస్తే పట్టుపంచె మీదనే స్కూటర్ వేసుకుని వచ్చి పంతులుకు ఇవ్వాల్సిన దక్షిణ తీసి నా ఫైన్ కట్టాడు. మేం ఇల్లు చేరేసరికి పాలు పొంగిపోయాయి. వాళ్లావిడ నా వైపు చూడలేదు. తిట్టినా బాగుండేది.

అంతటితో అయిపోలేదు. గిరాకి పోయి సేటుకు చెప్పుకున్నట్టున్నాడు. ఈ రోజు సేటు అందరి ముందు అన్నాడు, "మీ ట్రాలీలతోని నా దుకాణం ఇజ్జత్ పోతుంది. స్టాండే లేపేయమని కాయితం ఇచ్చిన" అని. మున్సిపాలిటీ వాళ్లు, ట్రాఫిక్ వాళ్లు వచ్చి చూస్తారట. స్టాండు లేకపోతే గిరాకి మమ్మల్ని ఎక్కడ వెతుక్కుంటుంది? బాపు ముప్పై ఏళ్లు నిలబడ్డ జాగ రోజా అది. ఆయన పోయి ఏడాది నిండక ముందే నా చేతుల మీదుగా పోయేలా ఉంది.

మీసేవ పక్కన జిరాక్స్ దుకాణంలో ఏడు చలాన్ల ఫోటోలూ తీయించి పెడుతున్నాను. నువ్వు చదువుతున్నావు కదా, చూసి చెప్పు. తప్పు నాదైతే నాదే అని చెప్పు.

మహేశ్.


శిక్షణ కేంద్రం,
ఏప్రిల్ 1.

ప్రియమైన బావకు,

తప్పు నీదే. సగం.

ఏడు ఫోటోలూ మంచం మీద వరుసగా పరిచాను. ఏడింటిలోనూ అదే కరెంటు స్తంభం, అదే చాయ్ హోటల్ నీలం షట్టర్. అన్నీ పొద్దున ఏడుకూ ఎనిమిదిన్నరకూ మధ్యనే. ప్రతి దాంట్లో నీ బండి మొదటి నంబర్‌లో ఉంది, అంటే గల్లీ మూల మీద. మలుపు దగ్గర బండి నిలపకూడదు బావా. తిరిగే బండికి ఎదురు బండి కనపడదు. దానికి బోర్డు అక్కరలేదు, బోర్డు లేకున్నా అది తప్పే. అందరికంటే ముందు లేచి వచ్చినందుకు నీకు దొరుకుతున్న బహుమానం ఆ మూల. కృపాకర్ బద్ధకమే వాడిని కాపాడుతోంది.

ఇక మిగతా సగం. ఆ ఎర్ర బోర్డు ఎవరు పెట్టారు? క్లాసులో మా సార్‌ను లేచి అడిగాను. సర్కారు రోడ్డు మీద దుకాణంవాళ్లు తమంతట తాము రాయించి పెట్టుకున్న బోర్డుకు విలువ లేదట. పెట్టాల్సింది అధికారులు. కానీ ఎవరి గేటుకైనా అడ్డంగా మాత్రం ఆపకూడదు, అక్కడ బోర్డు ఉన్నా లేకున్నా. అంటే సేటుకు చెందేది గేటంత జాగ. ఆయన పట్టుకున్నది దుకాణం పొడుగు మొత్తం. ఆ జాగ వదిలిపెట్టి మీ వరుస ముందుకు జరిగి జరిగి మూల మీదికి ఎక్కింది. పాటించాల్సిన అవసరం లేని బోర్డును పాటించి, బోర్డు లేని రూలును తప్పావు.

మూడు పనులు చెయ్యి. మూల ఈ రోజే ఖాళీ చెయ్యి. ఆ బోర్డుకు అనుమతి ఉందా అని మున్సిపాలిటీకి సమాచార హక్కు కింద దరఖాస్తు పెట్టు. స్టాండుకు గీతలు గీసి అనుమతి ఇమ్మని తొమ్మిది మంది సంతకాలతో ఇంకో దరఖాస్తు పెట్టు.

రాజశేఖర్ సార్ దగ్గరికి పోయి వచ్చావా?

నీ రోజా.


సిద్దిపేట,
మే 19.

ప్రియమైన రోజాకు,

నీ ఉత్తరం చదివి ఒక రోజంతా నీ మీద కోపంగా ఉన్నాను. రెండో రోజు చాక్‌పీసు పట్టుకుని మూల నుంచి ఇరవై అడుగులు కొలిచి గీత గీశాను. అందరూ నన్ను పిచ్చివాడిలా చూశారు. "మొదటి నంబరోడు ఎన్కకు నిలవడ్తే గిరాకి ఎన్క వచ్చినోని బండే ఎక్కుతది. గప్పుడు ముందుగాల్ల వచ్చుడెందుకు?" అని కృపాకర్ లొల్లి చేశాడు. వాడి మాటలోనూ న్యాయముంది.

అప్పుడు మన ఇంట్లో పాత పలక ఉంటే తెచ్చాను. వచ్చినవాడు వచ్చినట్టు పేరు రాయాలి. బండి ఎక్కడున్నా సరే, గిరాకి రాగానే పలక మీద పై పేరువాడిదే కిరాయి. నంబర్ పలక మీద ఉంటుంది, మూల మీద కాదు. వారం రోజులు కొట్లాటలు అయ్యాయి, చెరిపేసుకున్నారు, నేను మళ్లీ రాశాను. ఇప్పుడు కృపాకరే పలకకు కాపలా ఉంటున్నాడు. ఏప్రిల్ పది నుంచి ఈ రోజు వరకు స్టాండులో ఏ బండి మీదా ఒక్క చలాన్ లేదు!

కుకునూరుపల్లి పోయాను. సార్ డబ్బులు ఇచ్చేసి, చేతులు కట్టుకుని నిలబడ్డాను. వాళ్లావిడ లోపలికి పోయి, నీళ్లు తెచ్చి ఇచ్చి, "బీరువా ఒక పక్కకు ఒరుగుతుంది, జర సూడు" అన్నది. కాళ్ల కింద చెక్క పెట్టి సరిచేసి వచ్చాను.

మున్సిపాలిటీ నుంచి జవాబు వచ్చింది. ఆ గల్లీలో ఏ దుకాణానికీ బోర్డు అనుమతి ఇవ్వలేదని రాసి ఉంది. సేటుకు చూపిస్తే "నా దుకాణం ముంగట నా బోర్డు, నీకేంది?" అన్నాడు. "దుకాణం నీది సేటూ, రోడ్డు అందరిది" అన్నాను. వచ్చే శుక్రవారం అధికారులు వస్తున్నారు. ఆ రోజు స్టాండు ఉంటుందా పోతుందా తేలిపోతుంది. ఏం మాట్లాడాలి?

నీ మహేశ్.


శిక్షణ కేంద్రం,
మే 22.

ప్రియమైన బావకు,

శుక్రవారంలోపు అందాలని మా హవల్దార్ మేడమ్‌ను బతిమాలి స్పీడ్ పోస్టు చేయిస్తున్నాను.

సేటు బోర్డు గురించి ముందు ఎత్తకు. నీ ఏడు చలాన్లు ముందు పెట్టు. తప్పు ఒప్పుకున్నవాడి మాట ఎవరైనా చివరి వరకు వింటారు. తర్వాత పలక చూపించు. బోర్డు కాగితం ఆఖరున తియ్యి. గొంతు పెంచకు, నీకు కోపం వస్తే మాటలు తడబడతాయి.

మామయ్య చొక్కా వేసుకుని పో, ఆ నీలం గీతలది.

నీ రోజా.


సిద్దిపేట,
జూన్ 16.

ప్రియమైన రోజాకు,

గెలిచాం! గెలిచాం రోజా! మొదటి వాక్యం ఇదే రాయాలని ఇన్నాళ్లూ ఆగాను. ఆర్డరు చేతికి అందక ముందు రాస్తే దిష్టి తగులుతుందన్నది మా అమ్మ.

ఆ శుక్రవారం నువ్వు చెప్పినట్టే చేశాను. ట్రాఫిక్ సార్ జీపు దిగగానే ఏడు ఫోటోలూ ఇచ్చాను. "సార్, గివన్నీ నావే. మూల మీద పెట్టుడు తప్పే. తెల్వక చేసిన, తెలిసినంక ఒక్కటి పడలే" అన్నాను. ఆయన ఫోటోలు పక్కన పెట్టి గోడకున్న పలక వైపు నడిచాడు. "ఇది ఎవరి ఆలోచన?" అన్నాడు. "మా ఇంట్లామెది సార్, మీ డిపార్ట్‌మెంటే" అన్నాను. పలక ఆలోచన నాదే, ఒప్పుకుంటాను. ఆ ఘడియకు నోట్లోంచి నీ పేరే వచ్చింది.

టేపు పెట్టి కొలిచారు. మూల నుంచి విడవాల్సింది విడిచి, సేటు గేటుకు ఎదురుగా పసుపు గీతలు గీశారు. అక్కడ ఎవ్వరూ ఆపకూడదు, మేమూ, సేటు గిరాకులూ. మిగిలిన జాగలో తొమ్మిది తెల్ల గళ్లు! తొమ్మిది మంది పేర్లతో ఏడాది అనుమతి కాగితం నిన్న చేతికి వచ్చింది. ఏటా కొత్తది చేయించుకోవాలి. "సరుకు వాహనముల స్టాండు" అని నీలం బోర్డు పెట్టారు. అసలు సర్కారు బోర్డు!

సేటు తన ఎర్ర బోర్డు తానే విప్పుకున్నాడు. ఇనుప సామానోడికి వేస్తాడనుకున్నాను. మోసుకొచ్చి నా ముందు పెట్టాడు. "పలక చిన్నగున్నది, పేర్లు పడ్తలేవు. దీని ఎన్కకు నల్ల రంగు కొట్టుకోన్రి" అన్నాడు. గేటు ముందు గీతలు గీసినప్పటి నుంచి ఆయన లారీ ఏ ఇబ్బందీ లేకుండా లోపలికి పోతోంది. అది ఆయనకూ లాభమే. ఇప్పుడు మా తొమ్మిది పేర్లు ఆ బోర్డు వెనక మీదనే.

సాయంత్రం అందరూ పోయాక బాపు నిలబడ్డ చోటికి పోయి నిలబడ్డాను. ఆ చోటు ఇప్పుడు మూడో గడిలో ఉంది. ఏడ్చాను. సంతోషంతోనే.

ఇక నుంచి నా బండి మీద చలాన్ పడదు. చేతనైతే నువ్వే వచ్చి రాయి, చూద్దాం!

నీ మహేశ్.


సిద్దిపేట, మన గల్లీ,
నవంబర్ 20, పొద్దున ఏడున్నర.

ప్రియమైన బావకు,

వైపర్ కింద కాగితం చూసి నీ గుండె జారి ఉంటుంది. కూర్చుని చదువు.

వచ్చే వారం వస్తానని అబద్ధం చెప్పాను. నిన్న రాత్రే దిగి, స్టేషన్‌లో రిపోర్టు చేసి, తోటి అమ్మాయి గదిలో పడుకున్నాను. ఈ రోజు నా మొదటి డ్యూటీ, మెయిన్ రోడ్డు మీద. నువ్వు చాయ్ హోటల్లో వీపు ఇటు పెట్టి కృపాకర్‌తో ముచ్చట్లలో ఉన్నావు. యూనిఫాంలో నీ వెనక నుంచే నడిచి వచ్చాను, నీకు తెలియలేదు.

జూన్‌లో నువ్వు రాసిన మాట మర్చిపోలేదు. నా మొదటి చలాన్ నీ బండి మీదనే రాయాలని వచ్చాను. చుట్టూ తిరిగాను. మూలకు దూరంగా ఉంది. సేటు గేటు ఖాళీగా ఉంది. నాలుగు చక్రాలూ గడిలోపలే, గీతకు జానెడు ఇవతల. నంబర్ ప్లేటు మెరుస్తోంది, నిమ్మకాయలు లోపల అద్దానికి వేలాడుతున్నాయి. మిషన్‌లో నంబర్ కొట్టాను, పెండింగ్ ఒక్కటి లేదు. నమ్మకం కలగక ఇంకోసారి తిరిగాను. బోర్డు మీద మొదటి పేరు చూశాను. మూడో గడి చూశాను. అక్కడ ఎవరి బండీ లేదు. మామయ్యకు మనసులో సెల్యూట్ చేశాను.

ఓడిపోయాను బావా. నా జన్మలో ఇంత సంతోషంగా ఎప్పుడూ ఓడలేదు. చలాన్ రాయడానికి వచ్చి ఉత్తరం రాసి పోతున్నాను.

సాయంత్రం ఆరింటికి డ్యూటీ దిగుతాను. నా ఇనుప పెట్టె, బెడ్డింగు స్టేషన్‌లో ఉన్నాయి, ఇంటికి చేర్చాలి. కిరాయి ఎంతైనా సరే, నాకు మొదటి నంబర్ బండే కావాలి.

నన్ను చూసి ఆత్రంలో బ్రేకు కొట్టేవు. మూల దాటిన తర్వాతే ఆపు.

నీ రోజా.