లెక్కలో మా ఇల్లు

ఫిబ్రవరి 7, ఆదివారం

అమ్మ పోయి పంతొమ్మిది రోజులు. దినాలు ముగిశాయి. ఏడుపు రాలేదు. తిరుత్తణి నుండి ఆవడి ఫ్యాక్టరీకి పోయి వస్తున్నాను — రైలు, మిషను, మళ్ళీ రైలు.

ఈ రోజు సెలవు. ఆర్.కె.పేట వైపు, సరిహద్దుకు ఇవతల తమిళ రాష్ట్రంలో ఉండిపోయిన తెలుగు పల్లెల్లో పదకొండు ఇళ్ళు తిరిగాను. అందరికీ ఒకటే మాట. జనగణనకు వచ్చినప్పుడు మాతృభాష అడుగుతారు. తెలుగు అని చెప్పండి. ఇక్కడి బడిలో తెలుగు పంతులు మే నెలతో రిటైరవుతారు. ఆ స్థానంలో మరొకరిని అడగాలంటే మన అర్జీ వెనుక ఒక సంఖ్య ఉండాలి.

నారాయణ మామ చెరకు తోటలో పని ఆపకుండానే విన్నాడు.

"తెలుగని రాపిస్తే ఏమొస్తాదప్పా? వాన వస్తాదా?"

"పంతులు వస్తాడు మామా."

"సరి సరి. బీయే సదివినోడివి. నువ్వు చెప్తే ఇనాల్సిందే."

ఆ మాట సంతోషం కలిగించాలి. కలిగించిందనే రాసుకుంటున్నాను.

ఫిబ్రవరి 9

రైలు తిరువళ్ళూరు దాటాక పాత నోట్సు తీశాను. పోయిన జనగణన జరిగిన ఏడు రాత్రి కళాశాలలో రాసిన వ్యాసం. భాషా రాష్ట్రాల ఏర్పాటు, జాతీయ ఐక్యత. షిఫ్టు దిగి, చేతులకంటిన గ్రీజు పూర్తిగా పోకముందే రాసినది. కాగితం అంచున బొటనవేలి ముద్ర ఇంకా ఉంది. "రాష్ట్రాల మధ్య సరిహద్దు అవసరమే. కానీ సరిహద్దు మీద నివసించే ప్రజలను ప్రణాళిక మరువరాదు." లెక్చరరు ఈ వాక్యం కింద ఎర్ర సిరాతో గీశారు. తరగతిలో చదివి వినిపించారు.

వ్యాసం తమిళంలోనే రాశాను. అక్కడ మరో మార్గం లేదు.

ఫిబ్రవరి 12

సరిహద్దుకు అవతల నగరి నుండి అక్క ఫోను. అమ్మ చీరల సంగతి. మధ్యలో బావ ఫోను లాక్కున్నాడు — "ఏమప్పా అరవాయనా, బాగుండావా?" ముప్పై ఏళ్ళుగా అదే పరిహాసం. ఫ్యాక్టరీలో మా తమిళ ఫోర్‌మన్ తెలుగువాడినని నన్ను 'గొల్టి' అంటాడు, అదీ పరిహాసమే. ఇద్దరికీ నవ్వుతాను.

ఫిబ్రవరి 15

రెండో షిఫ్టు. పొద్దున ఇంట్లోనే ఉన్నాను. జనగణన టీచరమ్మ వచ్చింది. ముప్పై ఏళ్ళుంటాయి. భుజాన సంచి, చేతిలో ఫోను. తమిళంలో పలకరించింది. తమిళంలో కూర్చోమన్నాను. పేర్లు, వయసులు, చదువులు. 'పట్టభద్రుడు' అని రెండుసార్లు స్పష్టంగా చెప్పాను. ఎంతమంది అని అడిగితే నలుగురం అన్నాను. వెంటనే దిద్దుకున్నాను. ముగ్గురం.

"తాయ్‌మొళి?" మాతృభాష.

"తమిళ్," అన్నాను.

ఫోనులో నొక్కింది. భార్యకూ అదే, కూతురికీ అదే. వరుసగా నేనే చెప్పాను. గొంతు తడబడలేదు.

పూర్తయ్యాక ఆమెకు ఫోను వచ్చింది. పక్కకు తిరిగి — "మా, పిల్లోడికి అన్నం పెట్టేసినావా? నేనొచ్చేకి రెండవతాది." అచ్చం మా అమ్మ యాస. ఫోను పెట్టి, తన నంబరు ఇచ్చి, మళ్ళీ తమిళంలో నాకు కృతజ్ఞతలు చెప్పింది. నేనూ తమిళంలోనే పంపించాను.

గేటు మూశాక తెలిసింది, ఏం చెప్పానో.

ఫిబ్రవరి 16

ఏమీ అనిపించడం లేదు.

ఫిబ్రవరి 18

అమ్మ చెప్పిన సంగతి. తిరుత్తణి తెలుగు రాష్ట్రం నుండి విడిపోయి ఈ రాష్ట్రంలో కలిసిన కొత్తలో, అమ్మ ఎనిమిదేళ్ళ పిల్ల, వాళ్ళ నాన్న వెంట ఏదో ఆఫీసుకు పోయింది. గుమాస్తా పేరడిగితే తెలుగులో చెప్పింది. ఇద్దరినీ వరుస చివరకు పంపారు. సాయంత్రం దాకా నిలబడ్డారు. ఆనాటి నుండి మా ఇంటి పద్ధతి ఇదే. "కాయితం చేతబట్టుకోని వచ్చినోళ్ళ కాడ అరవమే మాట్లాడాల నాయనా." కరెంటు మనిషి, పోస్టుమాన్, బ్యాంకు — ఎవరి దగ్గరైనా నా నోరు తనంతట తానే మారుతుంది. ఈ సారి జవాబు కూడా దానితో పాటే మారింది.

ఇప్పుడు కాగితం కూడా లేదు. ఫోను.

భార్గవికి చెప్పాను. నా కూతురు, తెలుగు మాట్లాడుతుంది, చదవడం రాదు.

"ఆ మేడం నంబరు ఉంది కదా నాన్నా. తప్పు చెప్పినా అని చెప్పేసెయ్. అంతేదానే?"

అంతే. 'తప్పు చెప్పినా' అన్న మాట నా నోట రావాలి. అంతే.

ఫిబ్రవరి 21, ఆదివారం

మళ్ళీ పల్లెలకు. నారాయణ మామ వరండాలో కూర్చోబెట్టి మజ్జిగ ఇచ్చాడు.

"మా ఇంట్లో ఆరు మందికీ తెలుగే రాపిచ్చినాము. లెక్కకొచ్చిన పిల్ల రెండు తూర్లు అడిగింది, నిజంగానా తాతా అని. నువ్వు చెప్పినావు గదా, గట్టిగా చెప్పేసినా." తర్వాత — "మీ ఇంట్లో?"

"తెలుగే మామా."

మజ్జిగ పూర్తిగా తాగాను.

ఫిబ్రవరి 24

అక్కకు నేనే ఫోను చేసి చెప్పాను. నవ్వింది.

"దానికింతా? పోయిన తూరి లెక్కకొచ్చినప్పుడు నువ్వు డూటీకి పోయింటే అమ్మే గదరా చెప్పింది. అప్పుడు నేనాడ్నే ఉండా. అందరికీ అరవమనే రాపిచ్చె."

మా ఇల్లు ఏనాడూ ఆ లెక్కలో లేదు. నేను వ్యాసం రాసిన సంవత్సరం కూడా.

మార్చి 1

మార్పులుంటే దిద్దడానికి టీచరమ్మ మా వీధికి మళ్ళీ వస్తుందట. రేపు. సెలవు పెట్టాను. చిన్న కాగితం మీద వాక్యం సిద్ధం చేశాను: "అమ్మా, మా మాతృభాష తెలుగు, దయచేసి సరిదిద్దగలరు." మూడుసార్లు చదువుకున్నాను. వాక్యంలో దోషం లేదు.

మార్చి 2

పది గంటలు. కిటికీ నుండి టీచరమ్మ కనిపిస్తోంది. పక్కింటి శారదక్క వాకిట్లో నిలబడి మాట్లాడుతోంది. శారదక్కదీ తెలుగే. ఇద్దరూ తమిళంలో మాట్లాడుకుంటున్నారు. సంచి భుజానికి తగిలించుకుంది. మా గేటు వైపు వస్తోంది...

ఆమె వెళ్ళాక, పది నలభై — జరిగింది జరిగినట్లు రాస్తున్నాను. కాగితం జేబులో ఉంది. భార్గవి నా వెనకే నిలబడి ఉంది. గేటు తీశాను. నోరు తెరిచాను.

"వాంగ మేడం," అన్నాను. "ఉక్కారుంగ." రమ్మని, కూర్చోమని — తమిళంలో.

కూర్చుంది. ఫోను తీసింది. ఏమైనా మార్పు ఉందా సార్ అని తమిళంలో అడిగింది. భార్గవి నన్ను చూసింది.

ఆలోచించి చెబుతానన్నాను. ఐదో తేదీ దాకా గడువట.