గోడౌన్ రేకులో కంత

మహారాజశ్రీ ఖాజా గారి దివ్య సముఖానికి,

రేయ్, నువ్వు పోయి ఈ పొద్దుకు ఏడాది. నివాళిగా, మనిద్దరం ఒకర్నొకరు వేటాడుకున్న ఆ పాత తుపాకుల ఆటకు కొత్త వెలుతురు పెట్టినాను. రే ట్రేసింగ్ మాడ్ అంటారు. ఆటలో ఎండ నిజం ఎండలాగే పడుతుంది, మన ఉరవకొండ ఎండ కంటే కాస్త మర్యాదగా. ల్యాప్‌టాప్ మాత్రం బజ్జీల బాణలిలా కాగుతాండాది.

ఆ వెలుతురులోనే నీ మీద అనుమానం పుట్టింది.

ఆటలో నువ్వెప్పుడూ దాక్కునే గోడౌన్ అప్పట్లో కటిక చీకటి. నేను లోపల అడుగే పెట్టలేదు. ఇప్పుడు దాని గోడ రేకులోంచి సన్నగా ఎండ పడతాండాది. అంటే ఆడ కంత ఉంది. పోయి కన్ను పెట్టి చూసినాను. నేను రోజూ నక్కి నక్కి వచ్చే సందు మొదలు నుంచి చివరి దాకా కనపడింది.

మనం ఆడుకున్న మీ నాయన దర్జీ అంగడి వెనక గదిలో, నువ్వు ఓడిన ప్రతిసారీ ఏమన్నావు? "ఏమప్పా, యాడ నుంచి వచ్చినావు? కనపడనే లేదు!" అని, ఓడినోడివి కాబట్టి ఉగ్గాని బజ్జీ తెచ్చినావు. "కండ్ల డాక్టరు దగ్గరికి పో" అని నేను తింటూ ఎగతాళి చేసినాను.

నాకు ఇంజనీరింగులో నాలుగు సబ్జెక్టులు తప్పిన ఏడాది అది. నేను గెలిచిన చోటు ఆ సందొక్కటే. చూసి కూడా కాల్చలేదా?

మాడ్ తీసేసినాను. గోడౌన్ మళ్లీ చీకటైంది. సందులో నడిచినాను, ఈసారి నక్కకుండా, నట్టనడుమ, నీ కంతకు కనపడేలా, నిదానంగా.